చూరు మూసిన మధ్యాహ్నం

మా ఊళ్లో ఏ పెద్దమనిషీ చేయలేని పని నేను ఎనిమిదో తరగతి సెలవుల్లో చేసి చూపించాను. రెండు రోజులు పడుతుందన్న పనిని ఒక్క రోజులో ముగించేలా చేశాను. కూలిలోంచి సగం పూట, అంటే మూడు వందలు, కోసేశాను. పైగా ముప్పై ఏళ్లుగా ఊరందరి ఇళ్లకూ తలుపులు చేసిన వడ్లాయన చేత "నీతోని ఏగలేం చిన్న సావుకారీ" అనిపించాను. ఆ సాయంత్రం నాయిన దుకాణం ముందు కూర్చున్న నలుగురికీ ఆ కథ చెప్పాడు. నేను లోపల కందుల బస్తా మీద కూర్చొని, వినపడనట్టు మొహం పెట్టి, ప్రతి మాటా విన్నాను. అంత తెలివైన పని ఆ తర్వాత మళ్లీ చేయలేదు. చేసి ఉంటే ఎవరి కొంప మునిగేదో.

ఇదంతా ఇప్పుడు గుర్తుకు రావడానికి కారణం మొన్నటి చప్పుడు. నార్కట్‌పల్లిలో మా బట్టల కొట్టు పైనే మేం కిరాయికి ఉంటాం. పడకగది సీలింగు లోపల ఏదో కదులుతోందని ఎలుకల మందు పెట్టే ఆయనను పిలిచాం. ఆయన కుర్చీ ఎక్కి, చెవి ఆనించి, రెండు నిమిషాల్లో తేల్చేశాడు. ఎలుకలేనట. కంతలన్నీ ఈ పూటే మూసేస్తాడట, ఇప్పుడే ఒప్పుకుంటే రేటు కూడా తగ్గిస్తాడట. నేను వద్దన్నాను. ముందు పలక తీసి లోపల ఏముందో చూడమన్నాను, దానికి ఎంతైతే అంత ఇస్తానన్నాను. మా ఆయన నా నుదుటి మీద చెయ్యి పెట్టి చూశాడు. పెళ్లయినప్పటి నుంచి నా నోట "ఎంతైతే అంత" అన్న మాట ఆయన వినలేదు.

మా ఊరు కొత్తకోట దగ్గర, బెంగళూరు పోయే పెద్ద రోడ్డు పక్కన. అప్పుడు తెలంగాణ రాష్ట్రం వచ్చిన కొత్త. బండ్ల నంబరు పలకల మీద అక్షరాలు మారుతున్న రోజులు. ముందు కిరాణా దుకాణం, వెనక ఇల్లు, మధ్యలో ఒక తలుపు. ఆ తలుపు తెరిస్తే బెల్లం, చింతపండు, ఎండుమిర్చి, అగరొత్తులు అన్నీ కలిసిన వాసన ఇంట్లోకి వచ్చేది. మూస్తే వంటింట్లోంచి జొన్నరొట్టె కాలే వాసన, మధ్య గదిలోంచి అవ్వ కాలికి రాసే నొప్పుల నూనె వాసన మిగిలేవి.

అవ్వ అంటే నాయిన తల్లి. తాత పోయాక ముప్పై ఏళ్లు ఆ దుకాణాన్ని ఒంటిచేత్తో నడిపింది. ఆ సెలవులకు ముందు చలికాలం స్నానాల గదిలో జారిపడి తుంటి విరిగింది. అప్పటి నుంచి మధ్య గదిలోని మంచమే ఆమె జాగా. పక్కకు తిరగాలన్నా అమ్మా నేనూ చెరోవైపు పట్టాలి. చెవులు మాత్రం దుకాణంలోనే ఉండేవి. ముందు ఎవరికి ఏం కొలుస్తున్నా, డబ్బాలో పడే చప్పుడును బట్టి అవి శనగలో పెసలో మంచం మీది నుంచే చెప్పేది. పల్లికాయ అయితే ఎండిందో, ఇంకా పచ్చిదనం ఉందో కూడా చెప్పేది. ఒక్కోసారి కొనేవాళ్లు వింటుండగానే, తరాజు మీద నుంచి చెయ్యి తీయమని కొడుకును కేకేసేది. నాయిన నవ్వేసేవాడు, చెవులు ఎర్రబడేవి.

గల్లా తాళం, బీరువా తాళం ఉన్న గుత్తి ఆమె నడుముకే ఉండేది. నలభై దాటిన నాయిన పొద్దున దుకాణం తెరవాలంటే మంచం దగ్గరికి వచ్చి, వంగి, తాళం అడగాలి. దుకాణం కట్టేశాక మళ్లీ తెచ్చి ఆమె చేతిలో పెట్టాలి. బజారులో ఆయన ఈడు వాళ్లు దాని మీద జోకులేసేవాళ్లు. ఆ గుత్తి ఉన్నంతవరకే అవ్వ ఇంకా దుకాణపామె. ఆ సంగతి ఆమెకూ తెలుసు, నాయినకూ తెలుసు.

ఆ ఎండాకాలం కోతులు ఊరి మీద పడ్డాయి. గుట్టల్లో తినడానికి ఏమీ మిగలలేదు కాబోలు, దుకాణాలకే వచ్చేవి. అరటి గెలలు పోయాయి, బ్రెడ్డు ప్యాకెట్లు పోయాయి. ఒక ముసలి కోతి ఉప్పు ప్యాకెట్ ఎత్తుకుపోయి, కొరికి, కల్తీ సరుకు అంటగట్టిన వాళ్లను చూసినట్టు మమ్మల్ని చూసింది. దుకాణం మూసి ఉన్నప్పుడు ఇంటి మీదికెక్కి పెంకులు లేపేవి. చివరికి నాయిన ఇంటికంతా ఇనుప జాలీ కొట్టించాలని తీర్మానించాడు. పెంకుల మీద జాలీ, కిటికీలకు జాలీ, వెనక వాకిలికి జాలీ, చూరు కింద గోడకూ పెంకులకూ మధ్య ఉండే సందుకు జాలీ. కోడిని గంప కింద కమ్మినట్టు ఇల్లంతా కమ్మేశాం. లోపల కూర్చుంటే నేల మీదా, కంచంలో పచ్చిపులుసు మీదా, అవ్వ దుప్పటి మీదా గళ్ల నీడ పడేది. కోతులు ఎదురుగా వేపచెట్టెక్కి మమ్మల్ని చూస్తూ కూర్చునేవి. వాటికి టికెట్టు పెడితే నాలుగు పైసలొస్తాయని అమ్మ అనేది.

వడ్లాయన చేత ఆ పని చేయించే పెత్తనం నాకిచ్చారు. బేరమాడటంలో నా పేరు అప్పటికే గట్టిగా ఉంది. గాజులమ్మే ఆమె నన్ను చూస్తే తట్ట నెత్తికెత్తుకునేది. వాడకట్టు ఆడవాళ్లు చీరలవాడు వస్తే నన్ను పిలుచుకుపోయేవాళ్లు. ఎంత తగ్గిస్తే దాన్నిబట్టి నాకు ముంజలో, మామిడి తాండ్ర ముక్కో ముట్టేది. ఇటు వాళ్ల దగ్గర తాండ్ర తీసుకొని, అటు చీరలవాడి దగ్గర ఊరికే ఒక జేబురుమాలు కూడా రాబట్టిన రోజులున్నాయి.

మా ఇంటికి పెంకుల కింద చెక్క పలకలతో కప్పు కొట్టించి ఉండేది. పెంకులకూ ఆ పలకలకూ మధ్య మూరెడు చీకటి. ఆ రోజు మధ్యాహ్నానికి ఇంటి చుట్టూ సందు మూసేయడం అయిపోయి, మధ్య గది మీది మూల ఒక్కటే మిగిలింది. వడ్లాయన నిచ్చెన దిగి, తువ్వాలతో మెడ తుడుచుకుంటూ అన్నాడు:

"లోపల ఏదో మెసులుతాంది బిడ్డా. ఇయ్యాలకు ఆపి, రేపు పొద్దుగాల లైటు తెచ్చి చూసి మూస్త."

ఆ మాటల్లో నాకు "రేపు" ఒక్కటే వినపడింది. రేపు అంటే ఇంకో సగం పూట కూలి. నాయిన దుకాణంలో కునుకు తీస్తున్నాడు, బేరం నాది. అవి ఎలుకలే, ఎలుకలకు లైటెందుకన్నాను. లోపల మూస్తే లోపలే పోతాయి, మందు ఖర్చు కూడా మిగులుతుందన్నాను. ఇవాళ ముగిస్తే ఇవాళ్టి కూలి మొత్తం చేతిలో, పైన చల్ల గ్లాసు. రేపటిదాకా సాగదీస్తే కొట్టిన మేకులన్నీ మళ్లీ లెక్కపెట్టుకోవాల్సి ఉంటుందన్నాను. మేకులు మా దుకాణంవే, తక్కువైతే ఆయన కూలిలోంచే పోతాయి. ఆయన కాసేపు వాదించాడు, కాసేపు చూరు వైపు చూశాడు, చివరికి సుత్తె తీసుకున్నాడు.

"గీ పాపంల నాకు వాటా లేదు చూడు" అన్నాడు నవ్వుతూనే.

"అడిగినా ఇయ్య" అన్నాను.

మర్నాడు పొద్దున అవ్వ లేస్తూనే పైన ఏదో ఉందని చెప్పింది. ఎలుకలని నాయిన అన్నాడు.

"ఎలుకైతే ఉరుకుతది, ఆగుతది, కొరుకుతది. గిది పాకుతాంది. కండ్లు తెరవని పానం పాకినట్టు పాకుతాంది."

నాయిన చెవి పెట్టి విన్నాడు. ఆయనకు రోడ్డు మీద లారీలు వినపడ్డాయి. సరిగ్గా అప్పుడే పెంకుల మీద పిల్లి అరిచింది. ఆయన బయటికి వెళ్లి చూశాడు. బూడిద రంగు పిల్లి ఒకటి జాలీ మీద ఇటూ అటూ తిరుగుతోంది. కర్రతో అదిలించి, లోపలికొచ్చి, చప్పుడు సంగతి తేలిపోయిందన్నట్టు చేతులు దులుపుకున్నాడు. గంట తిరక్కుండా పిల్లి మళ్లీ వచ్చింది. మళ్లీ అదిలించాడు. అవ్వ మాత్రం బయటి అరుపు వేరు, లోపలిది వేరు అని పట్టుబట్టింది. లోపలివి మూడు గొంతులని కూడా చెప్పింది. వంటింట్లో అమ్మ నావైపు చూసి తల పక్కన వేలు తిప్పింది.

మధ్యాహ్నం పెరట్లో గిన్నెలు తోముతుంటే ఆ పిల్లి గోడ దిగి నల్లా దగ్గరికి వచ్చింది. నీళ్లు తాగుతున్నంతసేపూ చూశాను. పొట్ట కింద పాలు దిగిన చన్నులు వేలాడుతున్నాయి. తాగడం అయ్యాక అది తిన్నగా మేం మూసిన మూలకే ఎక్కి, జాలీని పంజాతో గీకడం మొదలుపెట్టింది.

అప్పుడు తెలిసింది. లోపలివి దాని పిల్లలు.

చెప్పొచ్చు కదా అని ఇప్పుడెవరైనా అడగొచ్చు. అప్పటి లెక్క వేరు. నిన్న సాయంత్రమే నాయిన నన్ను పొగిడాడు. ఆయన ఎవరినైనా పొగడటం నేనెరిగి అదే మొదటిసారి. చెప్తే వడ్లాయన ఆగమన్న సంగతి చెప్పాలి, నేను ఆగనివ్వని సంగతి చెప్పాలి. అందుకని ఇంకో దారి వెతికాను. పెరట్లోంచి పొడుగు కర్రతో ఆ మూల జాలీని పొడిచి చూశాను, కదల్లేదు. వడ్లాయన మేకులు బాగా కొడతాడు. గుడ్డ ముక్క పాలలో తడిపి లోపలి నుంచి పలకల సందులోంచి దూర్చబోయాను, సందు నా గోరు పట్టేంత కూడా లేదు. దగ్గరుండి నేను చేయించిన పనిలో లోపం ఎక్కడా దొరకలేదు.

సాయంత్రానికి చిన్నాయిన నల్గొండ నుంచి దిగాడు. అక్కడ ఏదో ఆఫీసులో గుమస్తా. నాయినే ఫోన్ చేసి పిలిపించాడు. అన్నదమ్ములిద్దరూ దుకాణంలో చింతపండు బుట్టల పక్కన నిలబడి గొంతు తగ్గించి మాట్లాడుకున్నారు. నేను తలుపు వెనక నుంచి విన్నాను. మంచాన పడ్డవాళ్లకు ఇలా లేనివి వినపడతాయని చిన్నాయిన అన్నాడు, వాళ్ల ఆఫీసులో ఒకాయన తల్లికి ఇలాగే మొదలైందన్నాడు. నాయిన చింతపండు బుట్ట మీది గోనె సర్దాడు.

"మతి నిలకడ లేని మనిషి దగ్గర గల్లా తాళాలుంటే దుకాణం నడుస్తదారా" అన్నాడు చివరికి.

ఆ మాటలో కోపం కంటే అలసట ఎక్కువ వినిపించింది. ఎన్నాళ్ల నుంచో వంగి వంగి అడిగిన మనిషి గొంతు అది. నడుము నుంచి గుత్తి లాక్కోవడం ఆయనకు ఇష్టం లేదు. ఆమే ఇస్తే బాగుండునని, ఇవ్వడానికి ఒక కారణం దొరికితే బాగుండునని ఆశ. ఆ కారణం నేనే తయారుచేసి పెట్టాను.

మూడో రోజు పొద్దున ఊరి డాక్టరు వచ్చి బీపీ చూసి, నిద్రకు గోలీలు రాసిచ్చాడు. అమ్మ ఒకటి అవ్వ నోట్లో వేసి నీళ్లు పోసింది. అందరూ ముందు దుకాణంలోకి వెళ్లాక అవ్వ నన్ను పిలిచి, దవడ పక్కన దాచుకున్న గోలీని నా అరచేతిలో ఉమ్మింది.

"గిది మింగితే నిద్ర పడ్తది. నేను పండుకుంటే గవాటిని ఎవలు ఇంటరు బిడ్డా?"

పైన చప్పుడు నాకూ వినపడింది. కొత్త తలుపు కీలు మెల్లగా తిరిగినట్టు, సన్నగా. అవ్వ రెండు వేళ్లు చూపించి, ఒకటి మడిచింది. నిన్న మూడు గొంతులు, తెల్లవారుజామున రెండు. ఇప్పుడు వింటున్నది ఒకటేనేమో.

నేను చెప్పడం మొదలుపెట్టాను. అది కూడా బేరగాళ్ల తీరులోనే మొదలుపెట్టాను, ఒకవేళ ఎవరైనా తెలియక చేసి ఉంటే అని. అవ్వ చెయ్యి ఎత్తి ఆపింది.

"తిప్పకు. ఎంత తగ్గించినవ్?"

"సగం పూట."

ఆమె కళ్లు మూసుకుంది. తిడుతుందనుకున్నాను. తిట్టలేదు. నాయినను పిలవమంది.

నాయిన వచ్చాడు, వెనక చిన్నాయిన. అవ్వ నావైపు ఒకసారి చూసింది. మాట్లాడటానికి నాకు ఇచ్చిన అవకాశం అదేనని నాకు తెలుసు. నేను మంచం కోడు వైపు చూస్తూ నిలబడ్డాను. ఆ కోడు మీద ఉన్న గీతలు ఇప్పటికీ గీసి చూపించగలను.

ఇక ఆమే మొదలుపెట్టింది. మూల మీది పలక ఒకటి ఊడదీయమంది. మొన్ననే జాలీ కొట్టించాం, ఇప్పుడు పలకలు ఊడదీస్తే దుమ్మంతా నీ మీదే పడుతుందని నాయిన అన్నాడు. గోలీ పనిచేసేదాకా ఓపిక పట్టమని చిన్నాయిన అన్నాడు. ఆమె దుప్పటి కింద చెయ్యి పెట్టి, కొంచెం మూలిగి, గుత్తి బయటికి లాగింది.

"ఇగో తాళాలు. పలక తియ్యి, గుత్తి తీస్కో."

నాయిన దానివైపు చూశాడు, తీసుకోలేదు.

"లోపల ఏం లేకపోతేనా అమ్మా?"

"ఉన్నా నీకే, లేకున్నా నీకే. జర జల్ది కానియ్యి."

నా జీవితంలో నేను చూసిన బేరాలన్నిట్లో అతి పెద్దది అదే, అతి చిన్నది కూడా. అడిగిన ధరకు సూది కూడా కొనని మనిషి. వాదించి సగానికి దించడానికి ఆమె దగ్గర కావలసినంత తెలివి ఉంది, కావలసినంత సమయం లేదు. లోపల ఉన్నట్టు తేలితే తాళాలు నా దగ్గరే ఉంటాయి అని షరతు పెడితే కొడుకు ఇంకో పూట ఆలోచిస్తాడని ఆమెకు తెలుసు. నేను చేసిందని ఒక్క మాట అంటే పైసా ఖర్చు లేకుండా పని అయిపోతుందనీ తెలుసు. ఆ మాట అనలేదు.

చివరికి నాయిన గుత్తి అందుకొని జేబులో వేసుకున్నాడు, బల్ల ఎక్కి సుత్తెతో మేకులు పీకాడు. మేం అవ్వ మంచాన్ని పక్కకు జరిపాం. పలక ఊడి దుమ్ము, ఎండిన గడ్డి, పాత పిచ్చుక ఈకలు రాలాయి. ఆయన చెయ్యి లోపలికి పెట్టి, తడిమి, ఒకదాన్ని తీసి చిన్నాయిన చేతుల్లో పెట్టాడు. తర్వాత ఇంకోటి. ఆ రెండూ చల్లబడి ఉన్నాయి. మూడోది దూలం మూలలో దొరికింది. అరచేయంత కూడా లేదు. నోరు తెరిచింది కానీ గొంతు రాలేదు.

పిల్లిని చంపిన పాపానికి బంగారు పిల్లిని చేయించి దానమివ్వాలని అమ్మ ఏడుపు మొదలుపెట్టింది. చిన్నాయిన తెలిసి చేసింది కాదు కదా అన్నాడు. నేను గిన్నెలో పాలు తెచ్చి పెరట్లో పెట్టి, వాకిలి జాలీ తలుపు బార్లా తెరిచాను. కోతులొస్తే రానీ అనుకున్నాను. తల్లి పిల్లి పాలవైపు చూడనైనా లేదు. బతికిన పిల్లను మెడ దగ్గర కరుచుకొని గోడ దూకింది. తర్వాత రెండుసార్లు తిరిగొచ్చింది, మిగతా రెండింటి కోసం. రెండోసారి గోనె మీద పడుకోబెట్టిన వాటిని వాసన చూసి, కాసేపు పక్కనే కూర్చొని వెళ్లిపోయింది.

లోపల చూడకుండా మూసినందుకు నాయిన వడ్లాయనను పిలిపించి, దుకాణం ముందు అందరిలో కడిగేశాడు. ఆయన తలొంచుకొని విన్నాడు. ఒకసారి నా కళ్లలోకి చూశాడు. "తప్పయింది సేటూ" అని వెళ్లిపోయాడు. ఆ తర్వాత మా ఇంట్లో ఏ చెక్క పనికీ ఆయనను పిలవలేదు. ఆయన మా దుకాణానికి ఉప్పుకు కూడా రాలేదు.

దుకాణం మూసే వేళ నాయిన గుత్తి తెచ్చి అవ్వ పక్కన కూర్చున్నాడు. ఆమె చెప్పిందే నిజమైంది, ఇక ఎవరూ ఏమీ అనలేరు, పెట్టుకొమ్మని బతిమాలాడు. కళ్లలో నీళ్లు తిరిగాయి. ఆమె గుత్తిని ముట్టుకోలేదు.

"కుదిరిన బేరం నాయినా. తిరగదోడితే రేపు మన మాట ఎవలు నమ్ముతరు?"

ఇంకో రెండేళ్లు బతికింది. ఆ రెండేళ్లలో దుకాణంలో ఏం కొలిచినా అది ఏమిటో చెప్పలేదు. నిద్రలో చెయ్యి నడుము దగ్గరికి పోయి, వెతికి, తిరిగి వచ్చేది. నాతో ఆ ఊసు ఒక్కసారే ఎత్తింది, తల దువ్వుతుంటే. అవతలివాడు జర ఆగుదామంటే ఎందుకని అడగాలె, తగ్గించుడు తర్వాత, అంది. దుకాణంలో పనికొచ్చే సంగతి చెప్పినట్టే చెప్పింది.

ఆ ఇల్లు ఇప్పుడు లేదు. రోడ్డు వెడల్పు చేసినప్పుడు ముందు సగం పోయింది, మిగతాది మేమే తీయించాం. నాయినకు కొత్త దుకాణముంది. డబ్బులు ఫోన్‌లోనే పడతాయి, ఎవరి నడుముకూ తాళాలు లేవు. వడ్లాయన ఆగుదామన్నా వినకుండా చూరు మూయించింది నేనేనని ఆయనకు ఇప్పటికీ తెలియదు. ఇది చదివితే తెలుస్తుంది.

కాబట్టి లెక్క చెప్పేస్తాను. మిగిల్చింది మూడు వందలు. అందులో వంద నాకు బహుమానంగా ముట్టింది, దానితో చెప్పులు కొన్నాను. పోయినవి రెండు పిల్లలు, ఒక వడ్లాయన పరువు, మా ఇంట్లో ఆయన పని, ముప్పై ఏళ్లు దుకాణం నడిపిన మనిషి నడుము మీది బరువు. బతికిన ఆ ఒక్కదాన్ని నా వైపు రాసుకోవాలని చాలాసార్లు చూశాను, చివరికి చెప్పింది నేనే కదా అని. కుదరదు. అది అవ్వ కొన్నది, పూర్తి ధర ఇచ్చి.